భుజం మీది తువ్వాలు: విశాఖలో ఒక టిఫిన్ హోటల్ వంటగది కేస్ స్టడీ

విశాఖపట్నంలో ద్వారకానగర్, ఆర్టీసీ కాంప్లెక్స్ చుట్టుపక్కల తెల్లవారకముందే పొయ్యి వెలిగించే టిఫిన్ హోటళ్లు చాలా ఉన్నాయి. ఈ కేసు అలాంటి ఒక హోటల్‌ది. పేరు, చోటు గుర్తుపట్టేలా రాయడం లేదు. సిబ్బంది మొత్తం 22 మంది. వాళ్లలో తిండిని నేరుగా చేత్తో ముట్టేవాళ్లు 9 మంది: ఇద్దరు దోశ మాస్టర్లు, ఇడ్లీ-వడల దగ్గర ఇద్దరు, చట్నీ-సాంబారు చూసే మాస్టరు ఒకరు, కూరగాయలు తరిగే ఆవిడ, పార్సిల్ కట్టే కుర్రాళ్లు ఇద్దరు, టీ మాస్టరు. మిగతావాళ్లు సప్లై, టేబుళ్లు, గిన్నెలు, క్యాష్ కౌంటర్. సగానికి పైగా శ్రీకాకుళం, విజయనగరం పల్లెల నుంచి, ఒడిశా నుంచి వచ్చి హోటల్ మేడ మీది గదుల్లోనే ఉంటున్నారు.

ఒక ఆదివారం మధ్యాహ్నం మూడు కుటుంబాల నుంచి వరసగా ఫోన్లు వచ్చాయి. టిఫిన్ చేసిన రెండు మూడు గంటల్లో వాంతులు, కడుపులో మెలిపెట్టే నొప్పి, ఇద్దరికి విరేచనాలు. ఎవరికీ జ్వరం లేదు. రాత్రికల్లా అందరూ తేరుకున్నారు. ఓనరు వెంటనే రెండు పనులు చేశారు: పూర్ణా మార్కెట్లో కొబ్బరికాయల షాపు మార్చారు, హోటల్ పేరు అచ్చేసిన నల్ల టీషర్టులు 22 కుట్టించారు. ఆ రెంటిలో ఏదీ అసలు చోటును తాకలేదు.

కారణం ఎక్కడ దొరికింది

వాంతులు ఇంత త్వరగా మొదలై, జ్వరం లేకుండా ఒక్క రోజులో సర్దుకుంటే ముందు అనుమానించాల్సింది స్టెఫైలోకాకస్ ఆరియస్‌ను. ఇది మనుషుల ముక్కులో, చర్మం మీద, అన్నిటికన్నా ఎక్కువగా చీము పట్టిన గాయాల్లో ఉండే బ్యాక్టీరియా. ఏ జబ్బూ లేని మనిషి ముక్కులోనూ ఉండొచ్చు. తిండిలో పడ్డాక వెచ్చగా కొన్ని గంటలు దొరికితే పెరిగి ఒక విషాన్ని వదులుతుంది. వాంతి చేయించేది ఆ విషమే. అది ముందే తయారై ఉంటుంది కాబట్టి తిన్న అరగంట నుంచి ఎనిమిది గంటల లోపే ఒళ్లు తిరగబడుతుంది. ఇంకో చిక్కు ఏమిటంటే, మళ్లీ మరిగిస్తే బ్యాక్టీరియా చస్తుంది గానీ ఆ విషం పోదు.

అన్నం వంటకాల్లో పెరిగే బేసిలస్ సీరియస్ కూడా ఇలాగే వాంతులు చేయిస్తుంది, అందుకని దాన్నీ లెక్కలోకి తీసుకోవాలి. కానీ జబ్బుపడ్డవాళ్లు ఒకరు ఇడ్లీ, ఒకరు వడ, ఒకరు దోశ తిన్నారు. అందరి ప్లేట్లలో కలిసినది కొబ్బరి చట్నీ. అందరూ తొమ్మిదిన్నర దాటాక తిన్నవాళ్లే. ఆరింటికి వచ్చి అదే చట్నీ తిన్న వాకింగ్ బ్యాచ్‌లో ఒక్కరి నుంచీ ఫిర్యాదు లేదు. చట్నీ గిన్నె అప్పటికే కడిగేశారు కాబట్టి ల్యాబ్ పరీక్షకు ఏమీ మిగల్లేదు. కాబట్టి ఇది లక్షణాలు, సమయం, తిన్న పదార్థాలు కలిపి చూసి తేల్చిన కారణమే తప్ప ల్యాబ్ రిపోర్టు కాదు.

టిఫిన్ హోటల్లో అన్నిటికన్నా జాగ్రత్త కావాల్సింది కొబ్బరి చట్నీకే. ఇడ్లీ ఆవిరిలో ఉడుకుతుంది, వడ నూనెలో వేగుతుంది, సాంబారు మరుగుతుంది. చట్నీకి చేతి మురికిని చంపే వేడి ఎక్కడా తగలదు. పోపు పెట్టినా ఆ వేడి పైపొరతో సరి. పచ్చి కొబ్బరిలో నీరు, కొవ్వు, మాంసకృత్తులు అన్నీ ఉన్నాయి. విశాఖ ఉక్కపోతలో కౌంటర్ మీద పెట్టిన గిన్నె 30 డిగ్రీలు దాటే ఉంటుంది. ఈ హోటల్లో ఇంకొక అలవాటు కూడా ఉంది: గిన్నెలో చట్నీ అడుగంటుతుంటే కొత్తది తెచ్చి అందులోనే పోస్తారు. అంటే తొమ్మిదిన్నరకు వడ్డించిన చట్నీలో అయిదింటి చట్నీ కొంత ఎప్పుడూ ఉంటుంది.

ఇక చట్నీ మాస్టరు ఎడమ చూపుడువేలు. పాత లుంగీ పీలిక చుట్టి, పైన పసుపు.

"మాస్టారూ, వేలికేమైంది?" అని అడిగాం.

"ఏటీ లేదండి, చిన్న గాటు. కొబ్బరి కోరు తగిలింది."

పీలిక విప్పితే గాటు చుట్టూ ఎర్రగా ఉబ్బి ఉంది, ఒక అంచున చీము. గాయమై మూడు రోజులు. వెట్ గ్రైండర్ తిరుగుతుంటే అంచులకు ఎగబాకిన చట్నీని ఆయన అదే చేత్తో లోపలికి తోస్తున్నారు. పీలిక తడిసి, పిండుకుని, మళ్లీ తడుస్తోంది. ఓనరుకు ఎందుకు చెప్పలేదంటే జవాబు తేలిక: పనిలోకి రాకపోతే ఆ రోజు కూలి పోతుంది.

తువ్వాలు చేసే పనులు

గాయం వెంటనే కనపడ్డ కారణం. దాని వెనక రోజూ నడిచే కారణం ఇంకొకటుంది. ఈ వంటగదిలో అందరి భుజం మీదా ఒక తువ్వాలు ఉంటుంది. దోశ మాస్టరు తువ్వాలు వెంట ఒక గంట కళ్లు తిప్పితే దారి ఇలా సాగింది: నుదుటి చెమట, పెనం పక్కన చిందిన పిండి, గ్యాస్ నాబ్, కడిగిన ప్లేటు మీది నీళ్లు, మెడ, ముక్కు, మళ్లీ ప్లేటు. మధ్యలో ఒకసారి కింద పడింది, దులిపి భుజాన వేసుకున్నారు. చేతులు కడిగిన ప్రతిసారీ తుడుచుకున్నది కూడా దానికే. తడి తువ్వాలుకు తుడుచుకుంటే కడిగిన చేయి కడగనట్టే.

చాలామంది సలహాదారులు ఇక్కడ తొందరపడతారు. తువ్వాళ్లు నిషేధం అని గోడ మీద కాగితం అంటించి వెళ్లిపోతారు. తువ్వాలు తీసేస్తే చెమట ఆగదు, చేతులు తడవడం ఆగదు. రెండో రోజు నుంచి అదే పని యాప్రాన్ అంచు చేస్తుంది, లేకపోతే లుంగీ చెంగు. తువ్వాలు చేస్తున్న అయిదు పనులకూ అయిదు వేరే ఏర్పాట్లు చేశాకే దాన్ని భుజం మీద నుంచి దించాలి. ఈ కేసులో మిగతా దిద్దుబాట్లన్నీ దీని చుట్టూనే తిరిగాయి.

చెమటకు: పెనాల దగ్గర ఫ్యాన్ గాలి మనిషి వీపు మీదుగా పిండి గిన్నెల వైపు వీస్తోంది. దాన్ని పక్క గోడకు మార్చి, పొయ్యి మీదుగా ఎగ్జాస్ట్ వైపు వెళ్లేలా తిప్పారు. టోపీ కింద నుదుటికి పత్తి పట్టీ, పూటకు రెండు. వేడి గిన్నెలు పట్టుకోవడానికి: మందపాటి గుడ్డ పట్టులు, పొయ్యి పక్కనే కొక్కేనికి. బల్లలు తుడవడానికి: నీలం గుడ్డలు సప్లై కుర్రాళ్లకు, పసుపు గుడ్డలు వంట బల్లలకు, ఒకటి ఇంకొకచోటికి వెళ్లకూడదు. కడిగిన ప్లేట్లకు గుడ్డే వద్దు. వాలుగా నిలబెట్టే స్టాండ్ కొంటే వాటంతట అవే ఆరతాయి.

చేతులు తుడుచుకోవడానికి ముందు పేపర్ రోల్ పెట్టి చూశారు. వారం తిరక్కుండా దెబ్బతింది. ఇడ్లీ ఆవిరికి రోల్ మెత్తబడి చింపుతుంటే ముద్దలుగా వచ్చింది, ఎండినదేమో కౌంటర్ తుడవడానికి పోయింది. దాని బదులు అడుగు చదరం పత్తి గుడ్డలు కుట్టించారు. ఒకసారి తుడుచుకుని కాలితో మూత తెరిచే బకెట్లో పడేయాలి, రెండోసారి ముట్టకూడదు. లెక్క: 9 మంది, పూటకు మనిషికి 12 సార్లు, అంటే 108. కాబట్టి పూటకు 120 గుడ్డలు, ఉతుకులో ఇంకో 120. గుడ్డ ముక్కలే కాబట్టి ఖర్చు పెద్దది కాదు, ఉతికే మనిషిని ఖాయం చేయడమే కష్టం. ఆ పని గిన్నెలు కడిగే ఆవిడ మీద ఊరికే పడేయకుండా గంటన్నర అదనపు కూలి లెక్కగట్టి ఇచ్చారు. అందుకే నిలిచింది.

చేతుల కడుగు

ఈ హోటల్లో చేతులు కడిగే బేసిన్ ఒక్కటే ఉంది, అదీ కస్టమర్లకు, హాలు చివర. వంటవాళ్లు గిన్నెలు తోమే తొట్టిలో చేయి ముంచి విదిలించేవాళ్లు. సబ్బంటారా, నీళ్లలో నానిన ఒక బిళ్ల.

కొత్త బేసిన్ ఎక్కడ పెట్టాలనే దానికే ఎక్కువ సమయం పట్టింది. గోడ ఖాళీగా ఉన్నచోట పెడతామన్నారు, అది స్టోర్ రూమ్ దగ్గర. అంత దూరం ఎవరూ వెళ్లరు. గ్రైండర్‌కూ కౌంటర్‌కూ మధ్య, ఎవరు ఎటు నుంచి వచ్చినా అయిదారు అడుగుల్లో అందేలా పెట్టించారు. కుళాయికి మోచేత్తో నెట్టే పొడుగు పిడి. లిక్విడ్ సోప్ డబ్బా గోడకు బిగించి, పక్కనే గుడ్డల అర, కింద బకెట్. జీవీఎంసీ (నగరపాలక సంస్థ) నీళ్లు వచ్చే వేళలు వేరు, హోటల్ రద్దీ వేళలు వేరు. అందుకని బేసిన్‌కు పైన 200 లీటర్ల డ్రమ్ము కట్టారు. బోరు నీళ్లలో ఉప్పు, సున్నం ఎక్కువైతే సబ్బు బిళ్ల నురగ రాదు, జిడ్డు తెట్టలా చేతికి అంటుకుంటుంది, కుర్రాళ్లు విసుగొచ్చి వదిలేస్తారు. అలాంటి నీళ్లకు లిక్విడ్ హ్యాండ్‌వాష్ నయం.

కడిగే పద్ధతి మొత్తం ఒక నిమిషం లోపే. చేతులు, ముంజేతులు సగం వరకు తడపాలి. సోప్ రెండు మిల్లీలీటర్లు, అంటే చాలా డబ్బాల్లో ఒకటి రెండు నొక్కులు. అరచేతులు, చేతి వెనక భాగం, వేళ్ల సందులు, బొటనవేళ్లు విడివిడిగా, చివరికి గోళ్లను ఎదుటి అరచేతిలో గీకుతూ. ఈ రుద్దుడే 20 సెకన్లు ఉండాలి. పారే నీళ్లలో కడిగి, పొడిగుడ్డతో తుడిచి, మోచేత్తో కుళాయి మూయాలి. అందరూ మర్చిపోయేది బొటనవేలు. అది చెప్తే నమ్మరు, చూపించాలి: అర చెంచా వంటనూనెలో చిటికెడు దాల్చినచెక్క పొడి కలిపి చేతులకు పట్టించి, ఎప్పటిలాగే కడుక్కోమనాలి. బొటనవేలి మొదట్లో, గోళ్ల అంచున గోధుమరంగు పొడి అలాగే ఉంటుంది. పావుగంట ఉపన్యాసం కన్నా ఇది మేలు, పైగా ఒడియా తప్ప చదవలేని కుర్రాడికీ అర్థమవుతుంది.

ఎప్పుడు కడగాలి? పనిలోకి రాగానే, బాత్రూమ్ నుంచి వచ్చాక, పచ్చి కూరగాయలూ గుడ్లూ ముట్టాక, చెత్తబుట్ట, డబ్బు, ఫోన్ ముట్టాక, తుమ్మాక, ముక్కో జుట్టో సర్దుకున్నాక, ఖైనీ నలిపాక, చట్నీ పనికి కూర్చునే ముందు. శానిటైజర్ బాటిల్ కౌంటర్ మీద పెట్టుకుంటే సరిపోదా అని ఓనర్లందరూ అడిగేదే. జిడ్డు, పిండి అంటిన చేతి మీద అది సరిగా పని చేయదు. వాంతులు, విరేచనాలు తెచ్చే నోరోవైరస్ మీద ఆల్కహాల్ ప్రభావం అంతంతమాత్రం. సబ్బుతో కడిగాక అదనంగా వాడుకుంటే వాడుకోవచ్చు.

కడుగుతున్నారో లేదో పట్టుకోవడానికి సీసీ కెమెరా అక్కర్లేదు, సోప్ క్యాన్ చాలు. 9 మంది, 12 సార్లు, రెండు మిల్లీలీటర్లు: పూటకు 216 మిల్లీలీటర్లు. ఉదయం ఒక్క పూటకే లెక్కేసినా 5 లీటర్ల క్యాన్ 23 రోజుల్లో అయిపోవాలి. రెండు నెలలైనా క్యాన్ సగం ఉందంటే రిజిస్టర్లో ఎన్ని టిక్కులున్నా చేతులు కడగడం లేదు.

బట్టలు

నల్ల టీషర్టులు వచ్చినప్పుడు ఓనరు సంతోషించింది మరకలు కనపడవని. వంటగదిలో మరక కనపడటమే కావాలి. తెలుపు అయితే పసుపు మరకతో పేచీ: సబ్బు క్షారానికి పసుపు ఎర్రగా తిరుగుతుంది, ఉతికిన యాప్రాన్ కూడా మురికిగా కనిపిస్తుంది. అయితే ఆ మరక ఎండలో రెండు పూటలు ఆరేస్తే చాలావరకు వెలిసిపోతుంది. చివరికి లేత క్రీమ్ రంగు ఖాయమైంది.

పెనం, నూనె బాండీ దగ్గర ఉండేవాళ్లకు దళసరి నూలు యాప్రాన్. పాలిస్టర్ మంట తగిలితే కరిగి చర్మానికి అతుక్కుంటుంది. మిగతా చోట్ల నూలు-పాలిస్టర్ కలిసినది ఫర్వాలేదు, త్వరగా ఆరుతుంది. పొడవు మోకాలు దాటాలి. ఛాతీ మీద జేబు వద్దు: వంగినప్పుడల్లా అందులో పెన్నో ఫోనో బీడీకట్టో సాంబారు గిన్నెలోకి తొంగి చూస్తుంది. గుండీలు వద్దు, వెనక ముడి చాలు.

మనిషికి ఎన్ని? ఇక్కడ ఇంతకుముందు ఒక్కటే ఇచ్చారు. రాత్రి ఉతికితే పొద్దున అయిదింటికి తడి. తడిది కట్టుకోలేక పక్కన పడేసేవాళ్లు, ఆఫీసర్ వస్తున్నాడంటే తొడుక్కునేవాళ్లు. ఒంటి మీద ఒకటి, ఉతుకులో ఒకటి, ఆరినది ఒకటి, మొత్తం మూడు ఉండాలి. వానాకాలంలో, తుపాను ముసురు పట్టే అక్టోబరు-నవంబరు రోజుల్లో నాలుగు. సముద్రపు గాలి తేమకు మేడ మీద బట్ట ఆరినట్టే ఉంటుంది, ముట్టుకుంటే చెమ్మ. అలాంటప్పుడు ఇస్త్రీ చేయాల్సిందే.

ఉతకడం హోటల్ పని. ఇంటికి పంపితే పిల్లల బట్టలతో కలిపి ఉతికి, అదే యాప్రాన్ కట్టుకుని బస్సెక్కి వస్తారు. పద్ధతి: ముందు డిటర్జెంట్‌తో నూనె జిడ్డు పోయేలా ఉతకాలి. తర్వాత 10 లీటర్ల నీటిలో 4 శాతం సోడియం హైపోక్లోరైట్ 50 మిల్లీలీటర్లు కలిపి, 10 నిమిషాలు నానబెట్టి, జాడించి ఆరేయాలి. ఆ నీళ్లలో క్లోరిన్ సుమారు 200 పీపీఎం (పది లక్షల పాళ్లకు 200 పాళ్లు) ఉంటుంది. జిడ్డు పోకుండా బ్లీచ్‌లో వేస్తే క్లోరిన్ జిడ్డు మీదే ఖర్చయిపోతుంది. బాత్రూమ్ కడిగే యాసిడ్ ఉన్న బకెట్లో బ్లీచ్ పోయడం మాత్రం ప్రాణాల మీదికి తెస్తుంది, క్లోరిన్ వాయువు లేస్తుంది. రెండు సీసాలూ ఒకే అరలో పెట్టకూడదు.

బాత్రూమ్ తలుపు బయట మూడు కొక్కేలు కొట్టించారు. యాప్రాన్ అక్కడ తగిలించి లోపలికి వెళ్లాలి. ఇంతకుముందు మేకు కూడా లేదు, తగిలించమని ఎవరికి చెప్పగలం?

తొడుక్కునే వరస కూడా ముఖ్యమే. ముందు జుట్టు మొత్తం మూసే టోపీ, తర్వాత యాప్రాన్, చివర చేతుల కడుగు. యాప్రాన్ ముందు కట్టుకుంటే టోపీ సర్దేటప్పుడు రాలిన వెంట్రుకలు దాని మీదే పడతాయి. నల్లటి చిన్న జాలీ టోపీలు ఉత్త తంతు, చెవుల పక్క జుట్టంతా బయటే. కూరగాయలు తరిగే ఆవిడ తలలో మల్లెపూలు డ్యూటీ అయ్యేదాకా లాకర్లో. గాజు గాజులు పగిలితే ముక్క కూరలో పడుతుంది కాబట్టి తీసేయాలి. మంగళసూత్రం తీయమని ఎవరూ అడగక్కర్లేదు, జాకెట్ లోపలికి వేసి పైన యాప్రాన్ కడితే చాలు. ఉంగరాలు, వాచీ, చేతి కాశీదారం, గుడిలో కట్టిన కంకణం: వీటి కింద పిండి చేరి పులుస్తుంది, నీళ్లు ఆరవు. కాశీదారం విప్పడానికి మనసొప్పనివాళ్లు మోచేతి పైన దండకు కట్టుకుంటామన్నారు, బేషుగ్గా ఉంది. ఆషాఢంలో గోరింటాకు పెట్టుకుంటే రంగు వల్ల నష్టం లేదు, ఎర్రటి గోటి కింద మురికి కనపడదు కాబట్టి గోరు ఇంకాస్త పొట్టిగా కత్తిరించాలి.

కార్తీకంలో అయ్యప్ప మాలలు పడతాయి. 41 రోజులు గడ్డం తీయరు, చెప్పులు వేసుకోరు. స్నానం విషయంలో వీళ్లకు చెప్పాల్సిందేమీ ఉండదు, రోజుకు రెండుసార్లు చల్లటి నీళ్లతో చేస్తారు. చిక్కంతా వట్టి కాళ్లతోనే: తడి నేల, మరిగే నూనె. వంటగదిలో ముందు మూసి ఉండే, జారని అడుగున్న బూట్లు తప్పనిసరి. అందుకని మాల వేసుకునేవాళ్లు నెల ముందే చెప్పాలని, ఆ 41 రోజులూ క్యాష్ కౌంటర్, స్టోర్ లెక్కలు వాళ్లవని మాట్లాడుకున్నారు. గడ్డంతో తిండి దగ్గర పనిచేసే మిగతావాళ్లకు గడ్డానికి జాలీ.

గ్లోవ్స్

గ్లోవ్స్ మీద జనానికున్న నమ్మకం ఎక్కువ. పార్సిల్ కుర్రాడు పొద్దున తొడిగిన పాలిథిన్ గ్లోవ్స్‌తోనే ఇడ్లీ కడతాడు, డబ్బు తీసుకుంటాడు, ఫోన్ ఎత్తుతాడు, డెలివరీ కుర్రాడి బ్యాగు పడతాడు. వట్టి చేయి అయితే జిడ్డు తెలిసి కడుక్కుంటాడు, గ్లోవ్ ఉంటే ఏమీ తెలియదు. ఈ వంటగదిలో గ్లోవ్స్‌ను మూడు చోట్లకే పరిమితం చేశారు: వండినదాన్ని చేత్తో పార్సిల్ చేసేటప్పుడు, పచ్చి ఉల్లిపాయ, కొత్తిమీర తరిగేటప్పుడు, వేలికి ప్లాస్టర్ ఉన్నప్పుడు. చేతులు కడిగాకే తొడగాలి. వేరే ఏది ముట్టినా, చిరిగినా, రెండు గంటలు దాటినా మార్చాలి. పెనం, బాండీ దగ్గర ప్లాస్టిక్ గ్లోవ్స్ అసలే వద్దు, వేడికి కరిగి వేలికి అంటుకుంటాయి. నిజానికి ఇడ్లీకి పట్టకారు, చట్నీకి పొడుగు గరిటె, వడకు జల్లిగరిటె ఉంటే గ్లోవ్స్ అవసరం సగం తగ్గుతుంది. డబ్బు తీసుకునే మనిషిని, పార్సిల్ కట్టే మనిషిని వేరు చేస్తే ఇంకా తగ్గుతుంది.

రుచి చూడటం ఇంకో చోటు. సాంబారు గరిటెతో అరచేతిలో పోసుకుని నాకి, చేయి విదిలించడం మాస్టర్లకు ఏళ్ల అలవాటు. పొయ్యి పక్కన ఒక గ్లాసులో శుభ్రమైన చెంచాలు, ఇంకో గ్లాసులో వాడినవి. గరిటె నుంచి చెంచాలోకి పోసుకోవాలి, నోట్లో పెట్టిన చెంచా గిన్నె వైపు వెళ్లకూడదు. పెద్ద మాస్టరు వారం గొణిగారు, తర్వాత అలవాటైంది.

గాయాలు, జబ్బులు, కూలి

ప్రథమ చికిత్స పెట్టెలో నీలం రంగు వాటర్‌ప్రూఫ్ ప్లాస్టర్లు పెట్టారు. నీలం రంగు తిండి మన వంటల్లో లేదు, ఊడి పడితే వెంటనే కనపడుతుంది. పైన ఫింగర్ క్యాప్ లేదా గ్లోవ్. ఇది చీము లేని చిన్న గాట్లకే. ఎర్రగా ఉబ్బినా, చీము కనపడినా, సెగగడ్డ ఉన్నా తిండి దగ్గర నుంచి మార్చాల్సిందే. చేతి కోరు బదులు కొబ్బరి కోరే మెషిన్ తెచ్చాక గాట్లే తగ్గాయి.

పని మొదలయ్యే ముందు సూపర్‌వైజర్ ఒక్కొక్కరి చేతులు రెండు వైపులా చూస్తారు, రెండు ప్రశ్నలడుగుతారు: కడుపు బాగుందా, జ్వరం గానీ గొంతునొప్పి గానీ ఉందా. వాంతులు, విరేచనాలు ఉంటే అవి ఆగిపోయాక 48 గంటల దాకా వంటగదిలోకి రాకూడదు. కామెర్లయితే డాక్టరు రాసిచ్చేదాకా. కంటి, చెవి స్రావాలకూ ఇదే.

ఈ ప్రశ్నలకు నిజం రావాలంటే కూలి కోత ఉండకూడదు. ఓనరు మొదట ఒప్పుకోలేదు, అందరూ ప్రతి సోమవారం కడుపునొప్పి అంటారన్నారు. చట్నీ మాస్టరుకు వారం కూలి ఇచ్చి ఇంట్లో కూర్చోబెట్టి ఉంటే ఎంతయ్యేదో, ఆ ఆదివారం తర్వాత పడిపోయిన గిరాకీ ఎంతో పక్కపక్కన రాసి చూపించాక దిగొచ్చారు. తిండితో సంబంధం లేని పని ఉంటే పూర్తి కూలి, ఇంట్లో ఉండాల్సి వస్తే నెలకు మూడు రోజుల వరకు పూర్తి, ఆపైన సగం. యూనిఫాం, బేసిన్, గుడ్డలు అన్నీ కలిపినా ఈ ఒక్క మార్పంత పని చేయలేదన్నది మా అంచనా.

చట్నీ విషయంలో కూడా రెండు మార్పులు: రెండు గంటలకు సరిపడా మాత్రమే రుబ్బడం, గిన్నె ఖాళీ అయితే కొత్త గిన్నె. మిగిలినది పారబోయడమే. రుబ్బి దాచాలంటే ఫ్రిజ్‌లో 5 డిగ్రీల లోపు. వేడి వంటకాలు 60 డిగ్రీల పైన ఉండాలి.

ఏది నిలిచింది, ఏది జారింది

మూడు నెలల తర్వాత చూస్తే చేతి గుడ్డలు, బేసిన్, కొక్కేలు నిలిచాయి. టోపీలు జారుతున్నాయి, ముఖ్యంగా మధ్యాహ్నం ఓనరు లేని వేళ. పసుపు, నీలం గుడ్డలు రద్దీలో కలిసిపోతున్నాయి. ఓనరు, ఆయన బావమరిది టోపీ లేకుండా లోపలికి రావడం ఆగలేదు. వెనక తలుపు దగ్గర అయిదు టోపీలు తగిలించి ఉన్నా గ్యాస్ బండ తెచ్చే కుర్రాడు వేసుకుంటున్నాడు, వీళ్లు వేసుకోవడం లేదు. అలాంటి చోట కొత్తగా చేరిన కుర్రాడికి టోపీ గురించి ఏం చెప్పినా ఎక్కదు.

కాగితాల సంగతి. ఆహార భద్రత, ప్రమాణాల చట్టం 2006 కింద వచ్చిన 2011 లైసెన్సింగ్ నిబంధనల్లోని షెడ్యూల్ 4 ప్రకారం తిండి ముట్టే ప్రతివాళ్లకూ ఏడాదికోసారి వైద్య పరీక్ష జరగాలి, టైఫాయిడ్ లాంటి పేగు జబ్బులకు టీకాలు వేయించి రికార్డు ఉంచాలి. తిండి ముట్టే ప్రతి 25 మందికి ఒకరు ఫోస్టాక్ (కేంద్ర ఆహార భద్రతా సంస్థ ఎఫ్ఎస్ఎస్ఏఐ వారి) శిక్షణ పొందినవాళ్లు ఉండాలి. అపరిశుభ్ర వాతావరణంలో తిండి తయారు చేస్తే చట్టంలోని 56వ సెక్షన్ కింద లక్ష రూపాయల వరకు జరిమానా. ఈ హోటల్ ఫైల్లో మెడికల్ సర్టిఫికెట్లు అన్నీ ఉన్నాయి: ఒకే తేదీ, ఒకే సంతకం, ఒకే చేతిరాత, టీకా గడి ఖాళీ. డాక్టరు చర్మం, కళ్లు చూడాలి, అవసరమైతే పరీక్షలు రాయాలి. ఎవరి చేతినీ ఎవరూ చూడలేదని సర్టిఫికెట్లే చెప్తున్నాయి.

అందరినీ మళ్లీ పంపించి, టైఫాయిడ్ టీకా వేయించారు. వేసినది వీఐ పాలీశాకరైడ్ రకం, మూడేళ్లకోసారి మళ్లీ వేయించాలి. హోటల్ కుర్రాళ్లు మూడేళ్లు ఒకేచోట ఉండటం అరుదు. ఆరు నెలలకు గాజువాకలో ఇంకో హోటల్, సంక్రాంతికి ఊరు, వచ్చాక మరో చోటు. టీకా వివరాలు ఓనరు ఫైల్లోనే ఉండిపోతే కొత్త హోటల్లో మళ్లీ మొదటి నుంచి. అందుకని తేదీ, టీకా పేరు, మళ్లీ వేయించాల్సిన నెల రాసిన కార్డు లామినేషన్ చేయించి ఎవరిది వాళ్ల చేతికే ఇచ్చారు. హోటల్ ఫైలుకు జిరాక్స్ సరిపోతుంది.